ఇరవై ఆరో మీటరు దాకా

ఉదయం ఆరున్నర. కాకినాడ నుంచి ఉప్పాడ వెళ్ళే దారిలో, సముద్రం కనబడకపోయినా దాని వాసన తెలిసే చోట ఆటో దిగండి. రేకుల కంచెకు పెట్టిన గేటు తోసుకుని లోపలికి వస్తే కాలి కింద ఎర్రమట్టి గట్టిగానే తగులుతుంది. దాన్ని నమ్మకండి. అది నిరుడు లారీలతో తెచ్చి పోసినది. కంచె పక్కన తవ్విన గోతిలోకి ఒకసారి తొంగిచూడండి. రెండు మీటర్ల ఎర్రమట్టి, దాని కింద నల్లటి అడుసు, అడుగున ఊరిన నీళ్ళు. మొన్నటిదాకా ఇది పల్లపు చేను. చాలా కాలం కిందట ఇది సముద్రమే.

ఇక్కడ ఐదంతస్తుల మేడ లేవబోతోంది. 20 కుటుంబాలు జీవితమంతా కూడబెట్టిన డబ్బు ఇందులో పెడుతున్నాయి. ఆ బరువు మోయడానికి 48 పైళ్ళు, అంటే నేల లోతుకు దింపే కాంక్రీటు స్తంభాలు, వేస్తున్నారు. ఇవాళ్టిది 31వది. హెల్మెట్ పెట్టుకుని నాతో రండి. సాయంత్రందాకా ఈ ఒక్క గుంత దగ్గరే ఉందాం.

ముందు రేకుల షెడ్డులోకి. బల్ల మీద ఒక పొడవాటి కాగితం పరిచి ఉంది, ఎగిరిపోకుండా నాలుగు మూలలా రాళ్ళు పెట్టారు. సైటు ఇంజనీరమ్మాయి వేలితో దాని మీద పైనుంచి కిందికి గీస్తోంది. అది బోర్ లాగు, ఈ స్థలం జాతకం. పని మొదలుకాకముందు ఇక్కడ సన్నటి బోర్లు వేసి, ఒక్కొక్క లోతులో నేలను కొట్టి చూశారు. కొట్టే పద్ధతి దేశమంతా ఒకటే. 63.5 కిలోల సుత్తిని 75 సెంటీమీటర్ల ఎత్తు నుంచి వదులుతారు. దాని దెబ్బకు బోరు అడుగున ఉన్న గొట్టం నేలలోకి దిగుతుంది. మొదటి 15 సెంటీమీటర్లు లెక్కలోకి రావు. తర్వాతి 30 సెంటీమీటర్లు దిగడానికి ఎన్ని దెబ్బలు పట్టాయో అదే ఆ లోతుకు వచ్చిన మార్కు. ఇంజనీర్లు దాన్ని ఎన్ విలువ అంటారు.

కాగితం మీద ఆ మార్కులు చదవండి. పైన రెండు మీటర్లు పోసిన మట్టి. 2 నుంచి 14 మీటర్ల దాకా మెత్తటి బంకమట్టి, మార్కులు ఒకటి, రెండు, మూడు. ఒక చోట సుత్తి వేయకముందే గొట్టం తన బరువుకు తానే దిగిపోయింది. 14 నుంచి 18 దాకా ఇసుక, మార్కు 25 చుట్టుపక్కల. 18 నుంచి 22 దాకా మళ్ళీ బంకమట్టి, మార్కు 5, 6. 22 దాటాక బిగువైన ఇసుక, మార్కులు 45 నుంచి 50కి పైన. బోరు ఆగిన 36 మీటర్ల దాకా అదే ఇసుక.

"పైలు 26 దగ్గర ఆగుతుంది. బోరు మాత్రం 36 దాకా వేయించాం. పైలు ఆగే చోట ఏముందో తెలిస్తే చాలదు. దాని కింద ఏముందో కూడా తెలియాలి," అంటుందామె. ఈ మాట గుర్తుంచుకోండి. మధ్యాహ్నానికి పని పడుతుంది.

ఏడు గంటలకు గుంత తవ్వే రిగ్గు గర్జిస్తుంది. ముందు 60 సెంటీమీటర్ల పైలుకు తగిన ఇనుప కేసింగును ఆరు మీటర్లు దింపారు, పైమట్టి కూలిపోకుండా. దాని లోపల పొడవాటి కెల్లీ బారు కొసన బకెట్టు తిరుగుతూ దిగి, నిండాక పైకి వచ్చి, పక్కకు తిరిగి మట్టి కుమ్మరిస్తుంది. కేసింగు దాటాక గుంత గోడలను పట్టి ఉంచేది బెంటొనైట్ అనే బంకమట్టి కలిపిన నీళ్ళు. చిక్కటి మజ్జిగలా ఉండే ఆ ద్రవం బరువుకు మెత్తటి గోడలు లోపలికి జారకుండా నిలబడతాయి. గుంతలో దాని మట్టం నేలనీటి మట్టం కంటే ఎప్పుడూ పైనే ఉండాలి. అందుకే ఒక కుర్రాడు గొట్టం పట్టుకుని కదలకుండా కూచున్నాడు. పక్కన నీళ్ళ ట్యాంకరు ఎందుకుందని మీరడగవచ్చు. ఇక్కడ ఊరే నీళ్ళు ఉప్పువి. వాటితో కలిపితే బెంటొనైట్ విరిగిన పాలవుతుంది, గోడను పట్టదు. మంచినీళ్ళు కొనితెచ్చి కలుపుతున్నారు.

ఎనిమిదిన్నర. బకెట్టు తొమ్మిదో మీటరు నుంచి పైకి వచ్చింది. కుమ్మరించిన ముద్దలోంచి గుప్పెడు తీసుకోండి. నలుపులో నీలం కలిసిన రంగు. పిసికితే వేళ్ళ సందుల్లోంచి వెన్నలా జారుతుంది. ముక్కు దగ్గర పెట్టుకుంటే కుళ్ళిన గుడ్డు వాసన. మధ్యలో తెల్లగా మెరిసేవి గుల్లలు. గోళ్ళంత చిన్న ఆల్చిప్పలు, రెండు రెక్కలూ ఇంకా అతుక్కునే ఉన్నాయి. కెరటాల తాకిడి ఉన్న చోట అవి అలా మిగలవు. ఇది కదలని నీళ్ళలో నిమ్మళంగా పేరుకున్న బురద.

ఎలా పేరుకుందో చూడాలంటే ఎక్కడికో వెళ్ళనక్కరలేదు. కాకినాడ తీరానికి ఎదురుగా హోప్ ఐలాండ్ ఉంది. గోదావరి తెచ్చిన ఇసుకను అలలు ఉత్తరానికి నెట్టగా ఏర్పడిన పొడవాటి ఇసుక తిన్నె అది. దాని బయటివైపు అలలు, ఇసుక. లోపలివైపు నీళ్ళు నిలకడగా ఉంటాయి, బురద అడుగుకు చేరుతుంది. ఆ బురదలోనే కోరంగి మడ అడవులు పెరుగుతున్నాయి. తిన్నె, దాని చాటున బురద. నది దారి మారినప్పుడల్లా, సముద్రం ముందుకూ వెనక్కూ జరిగినప్పుడల్లా ఇదే మళ్ళీ మళ్ళీ జరిగి ఒకదాని మీద ఒకటి పడితే కింద పొరలు ఎలా ఉంటాయి? బల్ల మీది కాగితంలో ఉన్నట్టే ఉంటాయి. బురద, ఇసుక, బురద, ఇసుక. ఇసుక తిన్నె ఎక్కడో ఒక చోట మొదలై ఎక్కడో ఒక చోట ముగుస్తుంది కాబట్టి మీ స్థలం కింద ఉన్న పొర పక్క స్థలం కింద ఉండాలన్న నియమం లేదు.

చేతిలోని ముద్ద పారేయకండి, ఒక లెక్క చూద్దాం. మామూలుగా పైలు చుట్టూ ఉన్న మట్టి దాన్ని పట్టుకుని దిగకుండా ఆపుతుంది. ఇక్కడ పైన రెండు మీటర్ల కొత్తమట్టి పోశారు. చదరపు మీటరుకు సుమారు మూడున్నర టన్నుల బరువు మెత్తటి బంకమట్టి మీద పడింది. అందులోని నీరు మెల్లమెల్లగా బయటికి పోతుంటే ఆ మట్టి ఏళ్ళ తరబడి కుంగుతూనే ఉంటుంది. కుంగుతూ కుంగుతూ తనతో పాటు పైలునూ కిందికి లాగుతుంది. పైలు చుట్టుకొలత 1.88 మీటర్లు. లాగే మట్టి మందం 12 మీటర్లు. మట్టి పట్టు చదరపు మీటరుకు ఒకటిన్నర టన్ను. మూడింటినీ హెచ్చిస్తే సుమారు 34 టన్నులు.

ఒక్కొక్క పైలు మీద మేడ వేయబోయేది 100 టన్నులైతే, దాన్ని ఆదుకోవాల్సిన మట్టి ఇంకో 34 టన్నులు నెత్తిన పెడుతోందన్నమాట. అందుకే ఈ నక్షా గీసినవారు ఆ 12 మీటర్ల మట్టిని సాయం చేసేవాళ్ళ జాబితాలోంచి తీసేసి బరువు మోపేవాళ్ళ జాబితాలో రాశారు. బరువంతా కింది ఇసుకే మోయాలి. మెరక చేసిన పల్లంలో కట్టే ప్రతి మేడకూ ఈ లెక్క వేయాలి. మట్టి పోసినవారు పైళ్ళు వేసేవారికి ఆ సంగతి చెప్పాలి.

పదిన్నర. రిగ్గు మోత మారింది. ఇంతసేపూ బురదలో మెత్తగా తిరిగిన బకెట్టు ఇప్పుడు గరగరమంటోంది. మేస్త్రీ చెయ్యెత్తి కేకేశాడు.

"ఇసకొచ్చేసిందండీ మేడమ్ గారూ!"

పద్నాలుగో మీటరు. కాగితం అబద్ధమాడలేదు. పసుపుపచ్చటి ఇసుక, చేతిలో గరుకుగా నిలిచే ఇసుక. మూడు గంటలు బురదతో వేగిన తర్వాత ఆ ఇసుకను చూస్తే ప్రాణం లేచివస్తుంది. పదహారు దాటి పదిహేడుకు వచ్చేసరికి స్థలం యజమాని గొడుగు వేసుకుని గుంత దగ్గరికి వచ్చాడు. పెద్దాయన. లోపలికి చూసి, కుప్పగా పడ్డ ఇసుకను చెప్పుతో కదిపి అన్నాడు.

"ఇంత గట్టి నేల తగిలాక ఇంకా తవ్వడం ఎందుకమ్మా? పక్క సందులో వాళ్ళు పదిహేడుకే ఆపారు. తొమ్మిది మీటర్లు, నలభై ఎనిమిది పైళ్ళు. ఎంత డబ్బో చూడు."

ఆయన లెక్క తప్పు కాదు. నాలుగు వందల మీటర్లకు పైగా తవ్వకం, కాంక్రీటు, ఇనుము. ఆమె విసుక్కోలేదు. కిందపడి ఉన్న కడ్డీ ముక్క తీసుకుని ఇసుకలో గీసింది. ఒక చిన్న గీత, దాని కింద చిన్న ఉల్లిపాయంత సున్నా.

"ఒక్క పైలు బరువు తన కింద ఇంత మేరకే తెలుస్తుంది, బాబాయ్ గారూ. పదిహేడు దగ్గర ఆపి, ఆ ఒక్కదాని మీద బరువు పెట్టి పరీక్షిస్తే నెగ్గినా నెగ్గుతుంది."

ఆ పక్కనే వరసగా గీతలు గీసి, అన్నిటికీ కలిపి పెద్ద సున్నా చుట్టింది.

"అన్నీ కలిసి మోసినప్పుడు బరువు ఇంత లోతుకు వెళుతుంది. పద్దెనిమిది దగ్గర మళ్ళీ బంకమట్టి ఉంది, నాలుగు మీటర్లు. ఈ ఇసుక దాని మీద పరిచిన చాప. మేడ ఒక్కరోజులో దిగదు. ఏళ్ళ మీద దిగుతుంది. ఒక పక్క ఎక్కువ, ఒక పక్క తక్కువ."

"మరి పక్కవాళ్ళు?"

"వాళ్ళ కింద ఆ పొర ఉందో లేదో నాకు తెలియదండి. మన కింద ఉంది."

పెద్దాయన కాసేపు ఆ రెండు సున్నాలనూ చూశాడు. గొడుగు ముడిచి షెడ్డు వైపు నడిచాడు. రిగ్గు మళ్ళీ దిగింది. ఇంకో అరగంటకు బకెట్టులోంచి జారిపడ్డ ముద్దను ఆమె ఆయన దగ్గరికే తీసుకువెళ్ళి చూపించింది. బూడిదరంగు బంకమట్టి, బొటనవేలు నొక్కితే లోపలికి దిగిపోయింది. పద్దెనిమిదిన్నర మీటర్లు. ఆయనా వేలు పెట్టి నొక్కి చూశాడు.

పరీక్ష కూడా నేలను బట్టి చదవాల్సిందే. ఈ సైటులో పని మొదట్లోనే ఒక పైలు వేసి, దాని మీద దిమ్మెల గుట్ట పేర్చి, 100 టన్నులు మోయాల్సినదాని మీద రెండున్నర రెట్లు, అంటే 250 టన్నులు పెట్టి చూశారు. పైళ్ళకు సంబంధించిన భారత ప్రమాణం ఐఎస్ 2911 అడిగేది అదే. ఆ కొద్దిరోజుల పరీక్షలో మెత్తటి బంకమట్టి పైలును పైకి పట్టుకుని సాయమే చేస్తుంది. లాగడం తర్వాతి సంగతి. అందుకే వచ్చిన ఫలితంలోంచి ఆ సాయాన్ని తీసేసి మిగిలినదాన్నే నమ్ముకున్నారు.

మధ్యాహ్నం ఒంటిగంట. రిగ్గు ఆగింది గాని బెంటొనైట్ గొట్టం ఆగలేదు. వేపచెట్టు నీడలో క్యారియర్లు తెరిచారు. మీకూ ఒక విస్తరి ఉంది, కూచోండి. మేస్త్రీ పాతికేళ్ళుగా ఇదే పనిలో ఉన్నాడు. అన్నం కలుపుతూ చెబుతున్నాడు.

"నర్సరావుపేట దగ్గర చేశానండి. అక్కడ ఇంత లోతెళ్ళక్కర్లేదండి. నల్లరేగడి. ఎండాకాలం చెయ్యి పట్టేంత బీటలు, వానాకాలం పొంగిపోద్దండి. అక్కడ ఇళ్ళు దిగవండి, పైకి లేస్తాయి. గోడ మధ్యలో పగుల్తాది."

ఆ నేలకు తగిన పైలు వేరు. కాడ సన్నగా ఉండి, అడుగున బుంగలా ఉబ్బి ఉంటుంది. రూర్కీలోని కేంద్ర భవన పరిశోధన సంస్థ నల్లరేగడి కోసమే దీన్ని తీర్చిదిద్దింది. కాడ 30 సెంటీమీటర్లుంటే ఉబ్బు దానికి రెండున్నర రెట్లు, 75 సెంటీమీటర్లు. పైమట్టి తడిసి పొంగి పైకి ఎత్తబోతే, తడి ఆరడం ఎరగని లోతులో ఉన్న ఆ ఉబ్బు లంగరులా పట్టి ఉంచుతుంది. లోతు కనీసం మూడున్నర మీటర్లు ఉంటే చాలాచోట్ల సరిపోతుంది. అదే పైలును ఇక్కడ వేస్తే బురదలో తేలుతుంది. ఇక్కడి 26 మీటర్ల పైలును అక్కడ వేస్తే డబ్బు దండగ.

"హైదరాబాదులో ఇంకో తంటా అండి," అన్నాడు రిగ్గు దగ్గరి కుర్రాడొకడు. "బండ తగిలిందని ఆగితే అది ఉత్త గుండండి. దాని కింద మళ్ళీ మట్టే."

అందుకే అక్కడ బండను తాకితే చాలదు. దాన్ని కొంత దూరం తొలిచి చూసి, అది గుండు కాదు, అసలు బండే అని తేలాక, పైలు కొసను అందులో గూడు కట్టినట్టు దిగేస్తారు.

ఇక్కడికి పడమరగా, ఇదే గోదావరి నేలలో, నేల మాట విన్నవాళ్ళు పూర్వమూ ఉన్నారు. 1847లో మొదలై 1852లో పూర్తయిన ధవళేశ్వరం ఆనకట్ట బండ మీద కట్టింది కాదు, ఇసుక మీద కట్టింది. లోతు తెలియని వదులు ఇసుకలో పునాది నిలపడం దాన్ని కట్టించిన కాటన్ దొర నేర్చుకున్నది కావేరి మీది కల్లణై కట్టిన పాతకాలపు తమిళ పనివాళ్ళ పనితనం నుంచి. ఆ మాట ఆయనే ఒప్పుకున్నాడు. 1900లో రాజమండ్రి దగ్గర తెరిచిన హేవలాక్ వంతెన స్తంభాలను నది ఇసుకలోకి దింపిన బావుల మీద నిలబెట్టారు. 1997 దాకా రైళ్ళు దాని మీద నడిచాయి.

రెండున్నర. 22 దాటింది. రిగ్గు గుంజుతోంది, కెల్లీ బారు కంపిస్తోంది. బకెట్టు ఇప్పుడు సగమే నిండి వస్తోంది. ఈ ఇసుక ముద్దలుగా వస్తుంది, చేత్తో విడదీయాలి. ఆమె 23, 24, 25, 26 మీటర్ల దగ్గర ఒక్కొక్క గుప్పెడు తీసి ప్లాస్టిక్ సంచుల్లో వేసి లోతు రాయించింది. షెడ్డులో ఉన్న బోర్ లాగు నమూనాలతో పోల్చి చూసింది. రంగు అదే, గింజ అదే. అప్పుడుగాని "చాలు" అనలేదు.

నాలుగున్నరకు ఇనుప కేజి దిగుతోంది, మూడు ముక్కలుగా. ఒకదాన్ని గుంత మూతి దగ్గర వేలాడదీసి, రెండోదాన్ని దాని మీద నిలబెట్టి అతుకుతున్నారు. కేజి చుట్టూ గుండ్రటి సిమెంటు బిళ్ళలు ఉన్నాయి, చూశారా? ఇనుము గుంత గోడకు ఆనకుండా చుట్టూ 75 మిల్లీమీటర్ల కాంక్రీటు ఉండేలా చూసేవి అవే. ఉప్పునీటి నేల ఇది. ఆ కాంక్రీటు కవరు తగ్గిన చోట ముందు తుప్పు పడుతుంది. సిమెంటు కూడా అందుకే స్లాగ్ కలిసినది తెప్పించారు.

ఆరుగంటలకు మేస్త్రీ తాడుకు గుండు కట్టి గుంతలోకి వదిలాడు. మధ్యాహ్నం 26 చూపిన తాడు ఇప్పుడు 25.8 దగ్గర ఆగింది. అడుగున 20 సెంటీమీటర్ల బురద చేరింది. కాంక్రీటు లారీ గేటు దగ్గర నిలబడి ఉంది. డ్రైవరు హారన్ కొడుతున్నాడు. ఈ 20 సెంటీమీటర్లను వదిలేస్తే పైలు ఇసుక మీద కాదు, పరుపు మీద నిలుస్తుంది. పొద్దుటి నుంచి పడ్డ పాటంతా వృథా.

"కడగండి," అందామె.

కంప్రెసరు గాలితో అడుగు మట్టిని పైకి లాగుతున్నారు. పైకి వచ్చే బెంటొనైట్‌ను ఆమె చిన్న త్రాసులో తూచుతోంది. సాంద్రత 1.18. ఇంకా కడగండి. 1.15. ఇంకా. ముప్పావుగంట తర్వాత 1.11. కాంక్రీటుకు ముందు 1.12కు దిగాలన్నది నియమం. తాడు మళ్ళీ దింపారు. 26.

ఇప్పుడు లారీ రావచ్చు. కాంక్రీటు పైనుంచి పోయరు. అడుగుదాకా దింపిన ట్రెమీ గొట్టంలోంచి వెళ్ళి, కిందినుంచి నిండుతూ బెంటొనైట్‌ను పైకి నెడుతుంది. గొట్టం కొస ఎప్పుడూ కాంక్రీటులో రెండు మీటర్లయినా మునిగి ఉండాలి. తొందరపడి ఎక్కువ ఎత్తితే మధ్యలో మట్టి దూరి పైలు రెండు ముక్కలవుతుంది, పైకి ఎవరికీ తెలియదు. అందుకే గొట్టం ముక్క విప్పేముందు ప్రతిసారీ తాడు దింపి కొలుస్తున్నారు. ఫోకస్ లైటు వెలుగులో ఎవరూ మాట్లాడడం లేదు.

ఎనిమిదిన్నరకు మట్టి కలిసిన కాంక్రీటు ముందు పొంగి, ఆ వెనక శుభ్రమైనది గుంత మూతిదాకా వచ్చింది. ఆమె చివరి లెక్క వేసింది. 60 సెంటీమీటర్ల వెడల్పు, 26 మీటర్ల లోతు. పట్టాల్సినది 7.35 ఘనపు మీటర్లు. దిగినది 8.1. మెత్తటి గోడల్లో కొంచెం ఎక్కువ పట్టడం మామూలే. తక్కువ పట్టి ఉంటే ఎక్కడో గోడ జారి పైలు నడుము సన్నబడిందని అనుమానించాల్సి వచ్చేది. రిజిస్టరులో 31 ఎదురుగా తేదీ, లోతు, ఘనపరిమాణం రాసి సంతకం పెట్టింది. వెనకనుంచి పెద్దాయన వచ్చి ఆ వరస చదివి, తానూ ఒక సంతకం పెట్టాడు.

మీరు ఇల్లు కట్టబోతున్నా, కట్టిన మేడలో ఫ్లాటు కొనబోతున్నా, పాలరాయి రంగు అడిగేముందు బోర్ లాగు అడగండి. అది మీ స్థలానిదేనా చూడండి, పక్క వీధిది కాదు. బోరు పైలు కంటే లోతుకు వెళ్ళిందా చూడండి. స్థలం మెరక చేశారా, చేస్తే ఆ సంగతి లెక్కలో ఉందా అడగండి. ప్రతి పైలుకూ రాసిన రిజిస్టరు చూపించమనండి. అందుకయ్యే ఖర్చు మేడ ఖర్చులో చాలా కొంచెం. కట్టేశాక కింద పొర మారదు. దాన్ని తెలుసుకునే అవకాశం మాత్రం కట్టకముందే ఉంటుంది.